రూపు మారిన జీవికి బలమెంత?

(లత్తేరిలో ఉగాది సభయందు మా సంఘం తరఫున చేసిన ప్రసంగ పాఠం)



మన తెలుగువారు ఏ ఊరికి తరలివెళ్ళినా ఉగాదినాడు వేపపువ్వు పచ్చడి నోట వేసుకున్న పిమ్మట పంచాంగం వినక మానరు. ఇందాక పంతులుగారు రాశులవారీగా ఆదాయ వ్యయాలు, రాజపూజ్య అవమానాలు అంకెలతో సహా వినిపించారు. ఆదాయం కంటె వ్యయం ఎక్కువని తేలినవారి ముఖాలు మేము ఇక్కడి నుంచి చూస్తూనే ఉన్నాము. ఆ అంకెలు ఎలా కట్టారో అడిగినవారు మాత్రం ఎవరూ లేరు. వెనుక వరుసలో ఉన్న మన పిల్లకాయలు అదే వేళ సెల్‌ఫోన్లలో ఇంకొక భవిష్యత్తు చూసుకుంటున్నారు. దానికి అంకె ఎలా వచ్చిందో వాళ్ళు చెప్పగలరు. ఆ సంగతే ఈ పూట నాలుగు మాటలు మనవి చేయదలచాము. పెద్దలు విసుక్కోకుండా వినాలి. ఇందులో ఎద్దులు కూడా వస్తాయి.

ఆ ఆట పేరు పోకెమాన్ గో. 2016 జూలైలో మొదట ఆస్ట్రేలియా, న్యూజిలాండు, అమెరికా దేశాలలో వెలువడినది. అదే సంవత్సరం డిసెంబరులో జియోవారి పొత్తుతో మన దేశానికి వచ్చినది. దానిని కట్టినవారు నయాంటిక్ సంస్థవారు. 2025లో అది స్కోప్లీ అనే సంస్థ చేతికి మారినది. ఇంట్లో కూర్చుని ఆడితే సాగే ఆట కాదు. వీధిలో నడవాలి. నడిచేకొద్దీ ఫోనులో వింత జీవులు కనబడతాయి, వాటిని బంతి విసిరి పట్టుకోవాలి. సెలవునాడు మన పిల్లలు రాయవేలూరు కోట అగడ్త చుట్టూ ఎన్నిసార్లు తిరుగుతారో తెలిసిన తల్లులు ఈ సభలోనే ఉన్నారు. దుకాణానికి వెళ్ళి పెరుగు తెమ్మంటే కాలు నొప్పి అన్నవాడే ఆ తిరుగుడు తిరుగుతాడు.

పట్టిన ప్రతి జీవి నెత్తిన ఒక అంకె ఉంటుంది. పిల్లలు దానిని సీపీ అంటారు. కంబాట్ పవర్, అనగా పోరు బలం అన్నమాట. ఒకే జాతివాటిని పట్టేకొద్దీ క్యాండీ అనే సరుకు చేరుతుంది. అది చాలినంత కూడితే జీవి రూపు మార్చవచ్చును. దానిని ఎవాల్వ్ చేయడం అంటారు. గొంగళి సీతాకోకచిలుక అయినట్టే. ఈవీ అనే చిన్న నక్కపిల్లవంటి దానికి 25 క్యాండీలు చాలు. మ్యాజికార్ప్ అనే పనికిమాలిన చేపకు 400 కావాలి. ఆ చేప రూపు మారితే గ్యారడోస్ అనే భీకర సర్పమవుతుంది. 40వ లెవెల్‌లో, పుట్టుక ఎంత మంచిదైనా, ఆ చేపకు దక్కే సీపీ 274. సర్పమైతే 3391. అందుకే నెలల తరబడి ఆ క్యాండీ కూడబెట్టేవారున్నారు.

ఇంతవరకు వినోదమే. చిక్కు ఎక్కడంటే, ఒకసారి మార్చిన రూపు మరి వెనక్కు రాదు. ఖర్చు పెట్టిన క్యాండీ తిరిగి రాదు. పోటీలకు గిరిగీతలున్నాయి. గ్రేట్ లీగ్ అనే పోటీలో 1500 సీపీ దాటిన జీవికి ప్రవేశం లేదు, అల్ట్రా లీగ్‌లో 2500 దాటరాదు. పెరిగిన అంకెను తగ్గించే ఉపాయం ఆటలో లేదు. కనుక మార్చకముందే, మారిన తరువాత ఎంతవుతుందో తెలియాలి. తెలియక మార్చి, ముఖం వేలవేసుకున్న పిల్లలను మేము చూశాము. మన కుటుంబాలలోని పిల్లవాడొకడు రెండు ఈవీలను ఒకే పూట మార్చి, తక్కువ అంకె వచ్చినదాన్ని పనికిరాదని ప్రొఫెసర్‌కు పంపివేశాడు. పంపివేసినదీ తిరిగి రాదు. వాడు పంపినదే మేలైనదని తరువాత లెక్కకట్టితే తేలింది. అదెలాగో చెబుతాము.

జీవి సీపీ మూడు సంగతుల మీద ఆధారపడి ఉన్నది. మొదటిది జాతి. దాడి, రక్షణ, ఓపిక అని ప్రతి జాతికి మూడు అంకెలు నిర్ణయించారు. ఈవీకి అవి 104, 114, 146. రెండవది పుట్టుబలం. ఒకే జాతిలో పుట్టినా ఏ రెండూ ఒకటిగా ఉండనక్కరలేదు. దాడికి, రక్షణకు, ఓపికకు విడివిడిగా 0 నుంచి 15 లోపు ఒక్కొక్క అంకె పుట్టుకతోనే వచ్చి జాతి అంకెకు కలుస్తుంది. పదహారును మూడుసార్లు వేసి గుణిస్తే 4096 రకాల పుట్టుకలు. మూడూ 15 అయినదానిని పిల్లలు హండో అని పిలిచి, పండుగ చేసుకుంటారు. మూడవది లెవెల్. అది మేత వంటిది. స్టార్‌డస్ట్ అనే పొడిని, క్యాండీని పెట్టి మెట్టు మెట్టుగా ఎక్కించవచ్చును. ప్రతి లెవెల్‌కు ఒక గుణకం ఉన్నది. 20వ లెవెల్‌కు 0.5974, 40వ లెవెల్‌కు 0.7903.

ఇక లెక్క. దాడి మొత్తాన్ని ఉన్నదున్నట్టు ఉంచండి. రక్షణ మొత్తానికి, ఓపిక మొత్తానికి వర్గమూలాలు కట్టండి. మూడింటినీ గుణించండి. దానిని లెవెల్ గుణకపు వర్గంతో గుణించి, పదితో భాగించి, భిన్నం పారవేయండి. వచ్చినదే సీపీ. వర్గమూలమంటే ఏమిటని తమిళ బడిలో చదివే మన పిల్లలు అడుగుతారు, సీపీ అంటే ఏమిటని మన తాతలు అడుగుతారు. ఒక కాగితం మీద ఇద్దరూ కూర్చుంటే చెరొక మాట నేర్చుకుంటారు. మా ఇళ్ళలో ఇది జరుగుతూనే ఉన్నది.

రూపు మారినప్పుడు ఈ మూడింటిలో మారేది ఒక్క జాతి మాత్రమే. పుట్టుబలం అదే. లెవెల్ అదే. కీలకమంతా ఇక్కడే ఉన్నది. కొత్త జాతి అంకెలు తెలిస్తే కొత్త సీపీ ముందుగానే చేతికి వస్తుంది, అదృష్టంతో పనిలేదు. ఉదాహరణకు 20వ లెవెల్‌లో ఉండి, పుట్టుబలం మూడింటా పది చొప్పున గల ఈవీని తీసుకుందాము. దాని అంకెలు 114, 124, 156. సీపీ 565. అది వేపోరియాన్ అనే నీటి జీవిగా మారితే జాతి అంకెలు 205, 161, 277 అవుతాయి. పది చొప్పున కలిపితే 215, 171, 287. సీపీ 1699. మూడింతలకు మరి కాస్త ఎక్కువ. గ్రేట్ లీగ్ గేటు దగ్గర 199 ఎక్కువై నిలిచిపోతుంది.

అయితే ఈవీ వేపోరియాన్‌గానే మారుతుందని ఏమున్నది? అడగవలసిన ప్రశ్నే. ఊరికే మార్చితే వేపోరియాన్, జోల్టియాన్, ఫ్లేరియాన్ ఈ మూడింటిలో ఏదవుతుందో చెప్పలేము. ఇక్కడ మాత్రం నిజంగా అదృష్టమే. కాని ఆటవారు ఒక చమత్కారం పెట్టారు. మార్చేముందు ఈవీకి రెయినర్ అని పేరు పెడితే వేపోరియాన్, స్పార్కీ అంటే జోల్టియాన్, పైరో అంటే ఫ్లేరియాన్ తప్పక అవుతుంది. ఒక్కొక్క పేరు ఒక్కసారే పలుకుతుంది. నామకరణంలో మంచి అక్షరం కోసం వెతికే మనవారికి ఇది వింతగా తోచదు.

ఇప్పుడు ఆ పిల్లవాడు చేసిన పనికి వద్దాము. మూడు ఈవీలు ఉన్నాయనుకోండి. ఒకదాని సీపీ 562, ఇంకొకదానిది 565, మూడవదానిది 566. చూసేవారికి మూడూ ఒకటే. మొదటిదానికి పుట్టుబలం సున్నా, రెండవదానికి పది చొప్పున, మూడవదానికి నిండుగా పదిహేను చొప్పున ఉన్నదనుకుందాము. మూడింటినీ వేపోరియాన్‌గా మార్చితే మొదటిది 1815, రెండవది 1699, మూడవది 1646 అవుతుంది! పుట్టుబలం లేనిది అందరికంటె పైకి వచ్చినది, నిండుగా ఉన్నది అడుగుకు పోయినది. పిల్లవాడు మూడవదాన్ని పంపివేయడంలో ఆశ్చర్యమేమున్నది?

కారణం చూడండి. పుట్టుబలం లేకపోయినా మొదటిది 562 వరకు ఎలా వచ్చినది? అది అప్పటికే 23న్నర లెవెల్ ఎక్కి ఉన్నది. మూడవది 18న్నరలోనే ఆ అంకె అందుకున్నది. ఈవీ దాడి 104 మాత్రమే గనుక పుట్టుకతో కలిసే పదిహేను అక్కడ పెద్ద భాగం. వేపోరియాన్ దాడి 205 గనుక అదే పదిహేను అక్కడ చిన్న భాగం. కనుక రూపు మారగానే పుట్టుబలం విలువ కొంత పలచబడుతుంది, లెవెల్ విలువ యథాతథంగా నిలుస్తుంది. ఎక్కువ మెట్లెక్కినది ముందు కనబడుతుంది. మూడింటినీ 40వ లెవెల్ వరకు పెంచితే మొదటిది 2703 దగ్గర ఆగుతుంది, రెండవది 2974, మూడవది 3114. వరుస తలక్రిందులైనది. 2020 నుంచి 50వ లెవెల్ వరకు కూడా ఎక్కించవచ్చును గాని, వరుస మారదు.

ఈ సంగతి మేము మన సంఘంలో ఎద్దుల బేరం తెలిసిన ఒక పెద్దాయనకు చెప్పినప్పుడు, ఆయన ఆట పేరు కూడా అడగలేదు. మనవణ్ణి పిలిచి, “ఒరే అబ్బోడా, కండ చూసి మోసపోతారురా. ముందు పళ్ళు చూడాల” అన్నారు. మంగళవారం పొయ్‌గై సంతకు పోయినవారికి ఈ మాట అర్థమవుతుంది. రెండు కోడెలు ఒకే ఎత్తు, ఒకే పుష్టి. ఒకదాని నోరు తెరిస్తే ఇంకా పాలపళ్ళే. రెండవదానికి ఎనిమిది పళ్ళూ వచ్చి ఉంటాయి. మొదటిది ఇంకా పెరుగుతుంది. రెండవది పెరగవలసినదంతా పెరిగినది. పళ్ళు చూడడమంటే లెవెల్ చూడడమే. తల్లి ఎవరు, తండ్రి ఎవరు అని అడగడం జాతిని, పుట్టుబలాన్ని అడగడం. మన చుట్టుపట్ల గ్రామాలలో సంక్రాంతి రోజుల్లో ఎరుదు విడుం విళా, అనగా ఎద్దులను వీధివెంట పరుగెత్తించే పండుగ జరుగుతుంది. తక్కువ సెకండ్లలో గీత దాటిన ఎద్దుకు బహుమతి. 2014లో సుప్రీంకోర్టు తీర్పుతో ఇటువంటివి ఆగిపోయి, 2017లో తమిళనాడు చట్టసవరణతో తిరిగి మొదలై, 2023 మే నెలలో రాజ్యాంగ ధర్మాసనం సమ్మతితో నిలిచినవి. ఆ పరుగుకు దూడను ఎంచేవారు కూడా చేసేది ఈ లెక్కే, కాగితం లేకుండా.

తేడా ఒకటున్నది. దూడ విషయంలో మేత ఎంత, పుట్టుక ఎంత అని విడదీసి చూపగల చెయ్యి లేదు. తల్లి పాలు చాలక మంచి పుట్టుక చెడిపోయిన దూడలెన్నో. ఆటలో ఆ రెండూ ఎప్పటికీ కలిసిపోవు. మేత పెట్టనంత మాత్రాన పుట్టుబలం తగ్గదు. అందుకే ఆటలో జోస్యం నూటికి నూరుపాళ్ళు ఫలిస్తుంది, సంతలో ఫలించదు. ఆటలోనూ ఒక గండం ఉన్నది. జాతి అంకెలు యజమానుల చేతిలో ఉన్నాయి. 2016 నవంబరులో ఒకసారి, 2018లో మరొకసారి వారు అంకెలు సవరించినప్పుడు పాత పట్టికలన్నీ చెల్లకుండా పోయాయి. పాత కాగితం చూసి లెక్కకట్టరాదు.

తొలినాళ్ళలో పుట్టుబలం ఎంతో ఆట సూటిగా చెప్పేది కాదు. ఆడేవారు తమ జీవుల సీపీలను మార్చకముందు, మార్చిన తరువాత వ్రాసుకుని, ఒకరికొకరు చూపుకుని, ఫలానా జాతి ఇన్నింతలు పెరుగుతుందని గుణకాలు కట్టుకున్నారు. ఎవరూ జీతమిచ్చి చేయించిన పని కాదు. 2019 నుంచి ఆటలోనే మూడు పట్టీలు కనబడుతున్నాయి. పట్టీ ఎంత నిండితే పుట్టుబలం అంత. పంపివేయకముందు ఆ పట్టీలు చూసి ఉంటే మన పిల్లవాడు నష్టపోయేవాడు కాదు. అయితే మేలు పుట్టుక ఉన్నదని తెలిసినా పెంచడం చవక కాదు. 20వ లెవెల్ నుంచి 40 వరకు తీసుకుపోవడానికి 2,25,000 స్టార్‌డస్ట్ అవుతుంది. అంత కూడబెట్టే ఓపిక లేనివాడు గ్రేట్ లీగ్‌తో తృప్తిపడడమే మంచిదని మా అభిప్రాయం. డబ్బు పెట్టి సరుకు కొనడం సంగతి తల్లిదండ్రులు ముందుగానే తేల్చి చెప్పాలి. పిల్లవాడి చేతికి బ్యాంకు ఫోను ఇచ్చి తరువాత కేకలు వేస్తే లాభం లేదు.

గ్రేట్ లీగ్‌కు ఈవీని సిద్ధం చేసేవారికి మేము ఒక చిన్న లెక్క కట్టిపెట్టాము. పుట్టుబలం సున్నా అయితే వేపోరియాన్‌గా మారేటప్పుడు సీపీ సుమారు 3.23 రెట్లు అవుతుంది, నిండుగా ఉంటే 2.91 రెట్లు. మిగతావన్నీ ఈ రెంటి నడుమనే ఉంటాయి. కనుక ఈవీ సీపీ 460 దాటకపోతే ఎటువంటి పుట్టుకైనా 1500 లోపే ఉంటుంది, భయపడవలసిన పని లేదు. 520 దాటితే ఎటువంటి పుట్టుకైనా గేటు బయటే. నడుమ ఉన్న అరవైలోనే కాగితం పట్టవలసి ఉంటుంది. జోల్టియాన్‌కు, ఫ్లేరియాన్‌కు అంకెలు వేరు, వాటికి ఈ హద్దులు వాడరాదు.

భోజనాల అనంతరం గ్రంథాలయపు బల్ల దగ్గర మేము కాగితాలు, పెన్సిళ్ళు ఉంచుతాము. 460కు, 520కు నడుమ ఈవీ గల పిల్లకాయలు పట్టీలు మూడూ చూసుకుని, అంకెలు వ్రాసుకుని, తాతగారినో అవ్వనో వెంట తీసుకుని రండి. అంతవరకు ఎవరూ ఎవాల్వ్ మీట నొక్కవద్దు.