తలుపు పగలగొట్టక ముందే
(పల్సానాలో సిబ్బంది కుటుంబాల సమావేశంలో చేసిన ప్రసంగం)

వజ్రాల సూరత్ పక్కనే, ఈ పల్సానాలో కలిశాం కాబట్టి ఒక వజ్రాల కథ చెబుతాను.

అగాథా క్రిస్టీ నవల ‘హెర్క్యూల్ పాయిరోస్ క్రిస్మస్’ 1938లో వచ్చింది. ముసలి సిమియన్ లీ పండక్కి కొడుకుల్నీ కోడళ్లనీ పిలిపిస్తాడు. వాళ్లు వింటుండగానే వీలునామా మార్చాలని వకీలుకు ఫోన్ చేస్తాడు. ఆ రాత్రే, తాళం వేసి ఉన్న గదిలో హతమవుతాడు. ఇనప్పెట్టెలో వజ్రాలుండవు.

హంతకుడెవరో చెప్పను, చదవండి. ఆయన ఆస్తి మాటతో పిల్లల్ని ఆడించాడు. మనమేమో ఆ మాటే ఎత్తం. రెండు చోట్లా చివరికి మిగిలేది అనుమానమే.

కౌంటర్లో అందరికీ నామినేషన్ గురించి చెబుతాం. మరి మన ఖాతాల సంగతి? 2025 నవంబర్ 1 నుంచి డిపాజిట్లకు నలుగురిదాకా నామినీలను పెట్టుకోవచ్చు. నామినీ సొమ్ము అందుకునేవారే. వారసుల హక్కు వేరు. ఈ రెండు ముక్కలూ ఇవాళ భోజనాల దగ్గర ఇంట్లోవాళ్లకు చెప్పండి. రేపు ఎవరూ తలుపు పగలగొట్టనక్కర్లేదు. సెలవు.