ఉచిత సినిమా వెనుక వ్యాపారం
(కందిలో మహిళా కార్యకర్తల సమావేశంలో చేసిన ప్రసంగ పాఠం)



దొంగసినిమా సైట్లలో బూతు ప్రకటనలెందుకు వస్తాయని అడిగారు. చూసేవాళ్ల బుద్ధిని బట్టి వస్తాయనే జవాబును నేనొప్పుకోను. సబ్బులు, చీరలు అమ్మే కంపెనీలు దొంగసొత్తు పక్కన తమ పేరు కనబడటానికి ఇష్టపడవు. గూగుల్ నిబంధనలూ అలాంటి సైట్లకు ప్రకటనలివ్వవు. ఇక మిగిలేది మరెక్కడా చోటు దొరకని జూదం యాప్‌లు, బూతు వీడియోలు, నకిలీ స్నేహాల వలలే. 2025 నవంబరులో ఐబొమ్మ నిర్వాహకుడన్న ఆరోపణపై ఒకరిని అరెస్టు చేసిన హైదరాబాదు పోలీసులు, బెట్టింగ్ యాప్‌ల ప్రచారంతో అతనికి ఆదాయం వచ్చిందన్నారు. తెలంగాణలో ఆన్‌లైన్ జూదం 2017లోనే నిషేధించారు మరి!

క్లిక్కుకింత అని డబ్బు. ఎర స్త్రీ శరీరం. చాలా సైట్లలో ప్లే గుర్తు మీద కనబడని పొర ఒకటి పరిచి ఉంటుంది. సినిమా కోసం నొక్కితే ప్రకటన తెరుచుకుంటుంది. పటాన్‌చెరులో షిఫ్టు దిగొచ్చి, ఇంట్లో ఉన్న ఒక్క ఫోనులో సినిమా పెట్టుకున్న స్త్రీకి ఇలా జరిగితే భర్త ఆమె నడతనే అనుమానిస్తాడు. (అతని చేతిలో తెరుచుకుంటే సరదా!) ఆ భయమే మోసగాడికి పెట్టుబడి. డబ్బు పోయినా, ఫొటో మార్చి బెదిరించినా ఆమె నోరు విప్పదు.

మన దగ్గరికొచ్చినామెను 'ఎందుకు చూశావ'ని అడగొద్దు. బెదిరింపులను స్క్రీన్‌షాట్ తీసి దాచమనండి. డబ్బు పోతే వెంటనే 1930కి ఫోన్ చేయించండి. స్టేషనుకు ఆమెతోపాటు మనలో ఒకరు వెళ్లాలి.