లడ్డు లెక్క



హోసూరు పక్క మా ఊళ్లో చిన్నాయన పెద్దకూతురి పెళ్లికి వెయ్యి లడ్లు చేయించారు. సరుకులతో సహా లడ్డుకు ఇంత అని వంటాయనతో మాట. మచ్చుకు తెచ్చిన లడ్డు అడ్డకొలత అయిదు సెంటీమీటర్లు. పెళ్లినాడు విస్తట్లో పడిన లడ్డు నాలుగే. నిలదీస్తే, "ఒక్క సెంటీమీటరే కదన్నా, అయిదో వంతు పట్టుకోండి" అన్నాడు వంటాయన. చిన్నాయనకూ న్యాయమే అనిపించింది. నూటికి ఎనభై లెక్కన ఇచ్చేశారు.

వంటాయన కావాలని మోసం చేశాడని నేననను. ఆయనకూ ఈ లెక్క తెలిసి ఉండదు. గుండ్రటి వస్తువు చిన్నదైతే పొడవు, వెడల్పు, ఎత్తు మూడూ ఒకేసారి తగ్గుతాయి.

బళ్లో నేర్చిన గోళం సూత్రం మరచిపోయారా? ఫరవాలేదు. 1150లో భాస్కరాచార్యులు లీలావతిలో వాడుకకు ఒక సులువు చెప్పారు. అడ్డకొలతను, అంటే వ్యాసాన్ని, మూడుసార్లు వేసి గుణించండి. వచ్చినదాన్ని సగం చేయండి. ఆ సగంలో 21వ వంతును దానికే కలపండి. అంతే.

కాగితం ఉంటే నాతోపాటు వేయండి. అయిదు అయిదుల ఇరవై అయిదు, అయిదు ఇరవై అయిదులు 125. సగం 62న్నర. అందులో 21వ వంతు దాదాపు 3. మొత్తం 65న్నర ఘన సెంటీమీటర్లు. ఇక చిన్న లడ్డు: నాలుగును మూడుసార్లు వేస్తే 64, సగం 32, దాని 21వ వంతు ఒకటిన్నర. మొత్తం 33న్నర.

చూశారా! తగ్గింది అయిదో వంతు కాదు, దాదాపు సగం. వెయ్యి లడ్లకు 65న్నర లీటర్ల ముద్ద పట్టవలసిన చోట 33న్నర లీటర్లే పట్టింది. సరుకు మట్టుకు చూస్తే నూటికి 51 ఇస్తే సరిపోయేది. చుట్టే కూలి లడ్డు చిన్నదైనా తగ్గదంటారా, అది వేరే ఇవ్వండి.

చిన్నాయన చిన్నబుచ్చుకోనక్కరలేదు. 499 నాటి ఆర్యభటీయంలోనే గోళం లెక్క తప్పింది. ఆ లెక్కన మన మచ్చు లడ్డు 87 ఘన సెంటీమీటర్లు అవుతుంది!

లడ్డు అడ్డకొలత తీయడం ఎలాగంటారా? నడుముకు దారం చుట్టి, ఆ పొడవును ఏడుతో గుణించి 22తో భాగించండి. పెళ్లి సందడిలో అదెక్కడ కుదురుతుంది? రెండో కూతురి పెళ్లికి చిన్నాయన అయిదు సెంటీమీటర్ల పిల్లగాజు ఒకటి వంటాయన చేతిలో పెట్టి, "దీంట్లోంచి జారిపోయే లడ్డు నాకొద్దు నాయనా" అన్నారు.