తెరవెనుక లెక్కల పుస్తకము



చిత్రము చూచి యింటికి మరలునపుడు ప్రేక్షకులు నాయికానాయకుల పేర్లు చెప్పుకొందురు. పాటలు బాగున్నచో గాయకుని మెచ్చుకొందురు. ప్రొడక్షను మేనేజరును తలచువారు అరుదు. తెరపై ఆ పేరు కనబడు వేళకు టూరింగు టాకీసులో సగముమంది యింకను చోటు వెదకుకొనుచుండెడివారు. అట్టి పనిలో కొన్ని యేండ్లు గడపినవారు కె. వి. రెడ్డిగారు.

తాడిపత్రిలో 1912లో జన్మించిన కదిరి వెంకటరెడ్డిగారు మద్రాసు ప్రెసిడెన్సీ కళాశాలలో భౌతికశాస్త్రము చదివిరి. సినిమాలో వారి తొలి కొలువు మాత్రము నగదుపెట్టె దగ్గర. 1938 నాటి ‘గృహలక్ష్మి’కి వారు కాషియరు. పిమ్మట బి. ఎన్. రెడ్డిగారు, మూలా నారాయణస్వామిగారు మున్నగువారు వాహినీ సంస్థను నెలకొల్పగా, ‘వందేమాతరం’, ‘సుమంగళి’, ‘దేవత’ చిత్రములకు 1939 మొదలు 1941 వరకు ప్రొడక్షను మేనేజరుగా పనిచేసిరి.

తెలుగున మాటల చిత్రములు 1932లో ‘భక్త ప్రహ్లాద’తో మొదలయ్యెను. కావున అప్పటికి ఆ పని అందరికిని క్రొత్తయే. నటులు వేళకు రావలెను. దుస్తులు సిద్ధము కావలెను. సెట్టు వేయువారికి కొయ్యయు మేకులును అందవలెను. అందరికిని భోజనము దొరకవలెను. ఒక నటుడు జాగుచేసినంత మాత్రమున స్టూడియో అద్దె ఆగదు గదా! వీటన్నిటికంటె బరువైనది ఫిలుము లెక్క. మాటల చిత్రమున నిమిషమునకు 90 అడుగుల ఫిలుము నడచును. 1000 అడుగుల చుట్ట 11 నిమిషములలో చెల్లిపోవును. నటుని మాట తడబడెనా, ఆ యడుగులన్నియు వృథా. ఫిలుమో, సముద్రము దాటి రావలసిన సరకు.

ఈ లెక్క రెడ్డిగారికి ఒంటబట్టినది. అంతవరకు ఒక్క చిత్రమునకైన దర్శకత్వము వహింపని వారికి వాహినీవారు ‘భక్త పోతన’ను అప్పగించిరి. అది యుద్ధకాలము. బాంబుల భయమున 1942 వేసవిలో మద్రాసు ప్రజలు మూటాముల్లె కట్టుకొని ఊరు విడిచిరి. అట్టి రోజులలో క్రొత్తవానిని నమ్మి సొమ్ము పెట్టుట సామాన్యమగు సాహసము కాదు. నాగయ్యగారు పోతనగా నటించిన ఆ చిత్రము 1943లో వెలువడి ప్రజల మన్ననకు పాత్రమయ్యెను.

దర్శకుడైనను రెడ్డిగారు లెక్క మానలేదు. చిత్రీకరణకు ముందే సంభాషణలు చెప్పించి, స్టాపువాచితో కొలిచి, ఏ దృశ్యమునకు ఎన్ని యడుగులు పట్టునో నిర్ణయించుకొనెడివారు. కళను గడియారముతో కొలుచుటయా యని ముక్కున వ్రేలు వైచుకొనువారు ఉండవచ్చును. అయితే 1951లో ‘పాతాళభైరవి’, 1957లో ‘మాయాబజార్’ ఆ చేతిమీదుగనే వచ్చినవి. ఘటోత్కచుని చూచి కడుపుబ్బ నవ్విన పిల్లలెవ్వరికిని ఆ గడియారపు చప్పుడు వినబడలేదు.