నేలను నడిచి కొలిచినవారు

1799లో టిప్పు సుల్తాను పతనమయ్యాక మైసూరు రాజ్యాన్ని సర్వే చేసే పని బ్రిటిష్ అధికారి కాలిన్ మెకంజీకి అప్పగించారు. మన చిక్కబళ్ళాపురం, చింతామణి, బాగేపల్లి ఆ రాజ్యంలోవే. సర్వే జట్లు గుట్టలెక్కి కోణాలు చూశాయి, కొలతచక్రం దొర్లిస్తూ దారుల పొడవు లెక్కకట్టాయి. 1800లోనే బెంగళూరు దగ్గర మరో బ్రిటిష్ అధికారి విలియం లాంబ్టన్ ఉక్కు గొలుసుతో ఏడు మైళ్ళకు పైగా నేల కొలిచాడు.

మెకంజీకి కుడిభుజంగా నిలిచినవాడు ఏలూరు తెలుగువాడు కావలి వెంకట బొర్రయ్య. కొలతలు ఊరి హద్దు చెబుతాయి, ఊరి కథ చెప్పవు. ఆ కథలను రాతప్రతుల్లో, శాసనాల్లో వెతికి పట్టింది బొర్రయ్యే. ఆయన్ని మనం మరిచిపోవడం నాకు బాధగా ఉంటుంది. 1803లో చిన్నవయసులోనే ఆయన కన్నుమూస్తే, తమ్ముడు లక్ష్మయ్య పని కొనసాగించాడు. వారు కూర్చిన ఊళ్ళ చరిత్రలు, అంటే కైఫీయతులు, నేటికీ చెన్నై ప్రాచ్యలిఖిత గ్రంథాలయంలో ఉన్నాయి.