డాక్యుమెంటరీ చిత్రముల కూర్పరి

సినిమాహాలులో అసలు కథ ప్రారంభమగుటకు ముందు వార్తాచిత్రమో, డాక్యుమెంటరీయో చూపెడి కాలము మనలో పెద్దవారికి జ్ఞాపకముండును. ఓడ నీటిలోనికి జారుట, ఆనకట్టపై నీరు దుముకుట, వరదలో పల్లె మునుగుట - ఇవన్నియు తెలుగు వ్యాఖ్యానముతో మన కన్నులయెదుట సాగిపోయెడివి. వానిని కూర్చినవాని పేరు చదివి జ్ఞాపకముంచుకొన్నవారు మాత్రము అరుదు. ఆ కూర్పరి వృత్తిని గూర్చి నేడు నాలుగు మాటలు చెప్పదలచితిమి. మేము విశాఖపట్టణమున పుట్టి, ఆ వృత్తిలోనే తల నెరసినవారము.

కథాచిత్రమునకు ముందుగా వ్రాసికొన్న కథ యుండును. నటుడు తప్పినచో మరల చేయించవచ్చును. డాక్యుమెంటరీకి ఆ సౌకర్యము లేదు. 1948 మార్చి 14వ తేదీన ప్రధాని నెహ్రూగారి సమక్షమున 'జల ఉష' విశాఖ జలములలోనికి దిగినది. ఓడ ఒక్కసారియే జారును. కెమేరా పట్టినదే దక్కుట. అట్టి ఉత్సవపు చిత్రము బల్లమీదికి వచ్చినపుడు, నాయకుని ముఖము ఎంతసేపు నిలువవలెను, ఓడను కట్టిన కార్మికుని చేతులు ఎంతసేపు నిలువవలెను అని తేల్చుటయే కూర్పరి పని.

ఈ పని యెంతటిదో లెక్కలో చెప్పవచ్చును. 35 మిల్లీమీటర్ల ఫిల్ము సెకనుకు 24 బొమ్మల చొప్పున, నిమిషమునకు 90 అడుగులు నడచును. పది నిమిషముల చిత్రమునకు 900 అడుగులు చాలును. తీసిన ఫిల్మో, దానికి ఎన్నో రెట్లుండును. ఎ. కె. చెట్టియారుగారు గాంధీమహాత్ముని చిత్రమునకై దేశదేశములు తిరిగి 50,000 అడుగుల ఫిల్ము సేకరించి, 1940లో దానిని 12,000 అడుగుల చిత్రముగా వెలువరించిరి. అనగా నాలుగింట మూడువంతులకు పైగా ప్రక్కకు పోయినదన్నమాట!

పూనాలో 1960లో ఫిల్ము విద్యాలయము ఏర్పడి కూర్పును పాఠముగా చెప్పసాగిరి. అంతకు పూర్వము, ఆ తరువాత కూడ, పెక్కుమంది గురువు ప్రక్కన కూర్చుండియే నేర్చిరి. మొదటి యేండ్లు తునకలకు అంకెలు వేయుట, వానిని వరుసగా వ్రేలాడదీయుట, అంచు గీకి అతుకు వేయుట - ఇంతే. అటుపిమ్మటనే కత్తెర చేతికిత్తురు. నేడు కంప్యూటరు వచ్చినది. అతుకు తప్పినచో క్షణములో దిద్దుకొనవచ్చును. కాని ఏది ఉంచవలెను, ఏది తీయవలెను అను ప్రశ్నకు ఏ యంత్రమును మన బదులు పూచీపడదు.

ఆ పూచీ యెంత బరువైనదో మాకు ఆలస్యముగా తెలిసినది. ఒకప్పుడు మత్స్యకారులను గూర్చిన చిన్న చిత్రము నొకదానిని కూర్చుచుంటిమి. వృద్ధ జాలరి యొకడు వల బాగుచేయుచు, పని ఆపి, సముద్రమువైపు చూచెడి తునక అందుండెను. అరనిమిషము, 45 అడుగులు. అతడేమియు మాటలాడడు. వ్యాఖ్యానములోని అంకెలకు చోటు చాలక, ఆ తునకను మేమే తీసివేసితిమి. చిత్రము మెప్పు పొందినది. కొన్నియేండ్లకు అతని కుమారుడు మా యింటికి వచ్చి, "మా అయ్య ఫొటో ఒక్కటీ నేదు బాబూ. ఆ రోజు మీరు తీసినారు గదా, ఆ బొమ్మ ఇప్పించండి" అని అడిగెను. వెదకితిమి. అది పనికిరాని ఫిల్ముతో కలిసి ఎన్నడో పోయినది. పారవేయుటకు సమ్మతించిన కాగితముపై నున్నది మా సంతకమే. ఆ దినము అతనికేమి బదులు చెప్పితిమో చెప్పుటకు నేటికిని నోరు రాదు.

విశాఖ ఉక్కు కర్మాగారమునకు 1971 జనవరి 20న పునాదిరాయి పడినది. 1992లో అది జాతికి అంకితమైనది. అంతకు ముందు 1966 నాటి ఉద్యమమున ప్రాణము లర్పించినవారున్నారు. భూము లిచ్చి తరలిపోయిన పల్లెలవారున్నారు. ఈ కథనంతయు పది నిమిషములలో చెప్పుమన్నచో, కొలిమి వెలుగు కన్నుల పండువుగా నుండును గనుక చిత్రమంతయు దానితోనే నింపుట సులభము. కాని ఖాళీచేసిన యింటి గుమ్మమునకు కూడ కొన్ని అడుగులు మిగిల్చినవాడే మంచి కూర్పరి.

శ్రోతలకు ఒక్క మనవి. మీ యింట పాత ఫిల్ము డబ్బా యున్నచో, సముద్రపు చెమ్మ తగులని చల్లని పొడిచోట నుంచుడు. మూత తీయగానే పుల్లని వాసన వచ్చినచో, అది చెడిపోవుచున్నదని గుర్తు. వెంటనే దానికి నకలు తీయించుడు. నేటి ఫోనులలోని బొమ్మలకైనను తేదీ, ఊరు, అందున్నవారి పేరు వ్రాసియుంచుడు. పనికిరానిదని తుడిచివేయుటకు ముందు ఒక్కసారి ఆగి చూడుడు. ఆ 45 అడుగులు మేము ఆగి చూచియుండినచో, ఒక కుమారునికి తండ్రి ముఖము దక్కియుండెడిది.