మన వాకిళ్లు చూడవస్తమంటున్నరు, ఎట్ల చూపిద్దాం?

(సర్వసభ్య సమావేశంలో వాకిళ్లు చూసివచ్చిన సభ్యుల తరఫున చదివిన ప్రసంగ పాఠం)

 

పొదుపులు, అప్పులు, వసూళ్ల లెక్కలు ఇంతకుముందే విన్నరు. మేం చెప్పేది ఆ పుస్తకాలల్లకు ఎక్కని సంగతి. పోయిన బతుకమ్మ పండుగకు మేం ఐదుగురం కలిసి ఉట్నూర్‌లో, చుట్టుపక్క ఊళ్లల్ల మన సభ్యుల వాకిళ్లు తిరిగి చూసినం. ఎందుకు పోయినమంటే, నాగోబా జాతరకు, కుంటాల జలపాతానికి వచ్చే పట్నపోళ్లు కొందరు "బతుకమ్మప్పుడు గూడ వస్తం, పూలున్న ఇండ్లు చూపిస్తరా" అని మనోళ్లను అడుగుతున్నరు. చూపిద్దాం, నాలుగు పైసలు వస్తయని కొందరంటున్నరు. ఇల్లు ఇల్లే, బజారు బజారే అని కొందరంటున్నరు. మీటింగ్‌ల కూర్చొని వాదులాడుకునే కన్న ముందుగాల మనమే చుట్టాల తీరు పోయి చూసి వద్దామనుకున్నం.

పోయేముందు ఒక మాట అనుకున్నం. ఏ ఇంటికి పోతే ఆ ఇంటామెనే ముందు నడవాలె, మేం వెనుక నడవాలె. ఆమె ఏది చూపిస్తే అది చూడాలె, ఏది చూపకపోతే అది అడగొద్దు.

మొదటి వాకిలి ఉట్నూర్‌లనే, ఒక ఇరుకు గల్లీల. వాకిలి అంటే నాలుగు మంచాలు పడేంత జాగ, అది గూడ సిమెంటు చేసింది. మట్టి లేదు. అయినా గోడ పొడుగూత నూనె డబ్బాలు, రంగు బకీట్లు, పగిలిన బిందెలు పెట్టి అన్నిట్ల మొక్కలు పెంచింది. బంతి, చామంతి, మందారం, నందివర్ధనం, గోరింట. నీళ్లు ఎక్కడివంటే, బియ్యం కడిగిన నీళ్లు, కూరగాయలు కడిగిన నీళ్లు. నల్లా నీళ్లు వాటికి పోయదట. మేం రంగులు చూస్తున్నం, ఆమె మనుషుల పేర్లు చెప్తున్నది. ఈ చామంతి మా అమ్మగారింటి పిలక. ఈ మందారం కొమ్మ మా ఆడబిడ్డ ఇచ్చింది. ఈ బంతి విత్తనం మా సంఘంల అక్కది, ఆమె ఇప్పుడు లేదు, విత్తనం ఉన్నది. ఒక్క మొక్క గూడ కొన్నది కాదు. గేటు బయట నిలబడి ఫొటో తీసుకొని పోయేటోళ్లకు ఈ సంగతి ఎట్ల తెలుస్తది? ఇంటామె నోటితోని వింటేనే ఆ వాకిలి చూసినట్టు అని మాకు అక్కడనే తెలిసింది.

రెండో వాకిలి పల్లెటూరిది. పెద్దది. పొద్దుగాల సాన్పు చల్లి ముగ్గు పెట్టింది, పందిరి మీద బీర, ఇంటి కప్పు మీద గుమ్మడి తీగ. బతుకమ్మకు గుమ్మడి పువ్వు ఎంత ముఖ్యమో మీకు చెప్పే పని లేదు, నడిమిట్ల గౌరమ్మగ పెట్టేది దాన్నే. అయితే ఆ అక్క పువ్వు తెంపే తీరు మాకు నచ్చింది. పువ్వు కింద చిన్న పిందె ఉంటే ముట్టదు. సన్నటి పొడుగు కాడతోని ఉన్న మగ పువ్వునే తెంపుతది. అవి గూడ అన్నీ తెంపదు. తేనెటీగలు రావాలె గదా, కొన్ని విడిచిపెడ్తది. అందుకనే ఆమెకు పండుగకు పువ్వు ఉన్నది, సంక్రాంతికి కాయ ఉన్నది. మాలో ఇద్దరు ఎన్నేండ్ల నుంచో గుమ్మడి పెడ్తున్నరు, ఈ సంగతి ఇద్దరికీ కొత్తనే.

అక్కడనే గునుగు మాట వచ్చింది. మన చిన్నప్పుడు ఏ పత్తి చేన్ల, జొన్న చేన్ల చూసినా గట్ల పొంట గునుగు తెల్లగ పూసి ఉండేది. ఇప్పుడు గడ్డిమందు కొట్టిన చేన్ల కనబడ్తలేదు. పండుగ ముందర దూరం పోయి ఏరుకొచ్చుకుంటున్నం, లేకుంటే అంగట్ల కట్ట కొంటున్నం. తంగేడు రాష్ట్ర పువ్వు, బతుకమ్మ 2014 నుంచి రాష్ట్ర పండుగ. పేరు పెద్దదైంది గని రోడ్డు పక్కన తంగేడు పొదలు తగ్గుతున్నయి. ఆ అక్క తన పెరట్ల ఒక మూల గునుగును కలుపు తియ్యకుండ విడిచిపెట్టింది. అత్త కోపం చేసిందట, ఇంట్ల కలుపు పెంచుడేందని. పండుగనాడు అదే అత్త సిబ్బి పట్టుకొని అందరికన్న ముందర ఆ మూలకే పోయిందట.

మూడోది గోండు అక్క వాకిలి. ఇక్కడ పూలు తక్కువ, అలుకు ఎక్కువ. నేల అద్దం తీరు ఉన్నది, గోడలకు మట్టిపూత, అంచులకు రంగు. కంచె పొంటి ఒక్క వరుస బంతి. "మాకు బంతి దీపావళికి పని. దండారి వస్తది" అన్నది. ఆమె మాకు ఒక మూల చూపించి అటు పోవద్దని చెప్పింది, అది దేవర జాగ. ఇంకో దిక్కు చెప్పులు విడిచి రమ్మన్నది. మేం అట్లనే చేసినం. దండారి పద్ధతి మనందరికీ తెలిసిందే. ఒక ఊరి బృందం ఇంకో ఊరికి పోతే ఆ ఊరోళ్లు ఎదురు వచ్చి మర్యాదతోని తీసుకపోతరు, కూర్చోబెడ్తరు, అన్నం పెడ్తరు, సాగనంపుతరు. వచ్చినోళ్లకూ నియమం ఉన్నది, పిలిచినోళ్లకూ నియమం ఉన్నది. చుట్టరికం చేసుడు మనకు ఎవ్వరూ నేర్పే అవసరం లేదు. అయితే మేం ఐదుగురం ఒక్క మాట మీద ఉన్నం: గుస్సాడీ ఆట, దండారి, వీటిని వాకిళ్లు చూపించే దాంట్లకు తేవద్దు. అది మొక్కు, అది చూపులకు పెట్టేది కాదు. కాదనేటోళ్లు ఉంటే ఈ సభలనే చెప్పండ్రి.

నాలుగో ఇంటికి పోతే గేటు తియ్యలేదు.

ఆమె మన సంఘం సభ్యురాలే. లోపల పట్టుకుచ్చు పూలు పిడికెడంత ఎర్రగ ఉన్నయని ఊరంత చెప్పుకుంటరు. చాలాసేపు గేటు అవతల నిలబడే మాట్లాడింది, తర్వాత లోపలికి పిలిచి చాయ్ ఇచ్చింది. సంగతి ఏందంటే, అంతకు ముందటేడు కారుల ఎవరో వచ్చిండ్రు. చూసిపోతమంటే రమ్మన్నది. విత్తనానికని దాచుకున్న పెద్ద పువ్వును ఒకామె తెంపి తలల పెట్టుకున్నది. ఇంకొకాయన, ఆమె బిడ్డ అరుగు మీద కూర్చొని తల దువ్వుకుంటుంటే వీడియో తీసిండు. నెల దినాల తర్వాత ఆ వీడియో ఊర్ల ఫోన్లల్లకు వచ్చింది. బిడ్డ రెండు దినాలు కాలేజీకి పోలేదు. "నా పూలు పోయినయని బాధ లేదు. నా వాకిట్ల నా పిల్ల తల దువ్వుకోవద్దా?" అని అడిగింది ఆ అక్క. మా దగ్గర జవాబు లేదు. మనం ఏ నిర్ణయం చేసినా ఈ ప్రశ్నకు జవాబు చెప్పినంకనే చెయ్యాలె.

ఇసొంటి పని ఇంకెక్కడన్న చేసిండ్రా అని వెతికినం. ఒక సభ్యురాలి బిడ్డ ఫోన్ల చదివి చెప్పింది. స్పెయిన్ దేశంల దక్షిణాన కొర్డోబా అని ఒక పట్నం ఉన్నదట. ఎండాకాలం మన ఆదిలాబాద్ తీర్గనే నలభై డిగ్రీలు దాటుతది. అందుకని ఇండ్లను నడుమ వాకిలి విడిచి చుట్టూ గదులు కట్టుకున్నరు, మన పాత భవంతి ఇండ్లు గుర్తుకొస్తయి. గోడలకు తెల్ల సున్నం, నడుమ బావి, గోడ నిండ పూలకుండీలు. వెనుకట ఒక్కో వాకిలి చుట్టూ నాలుగైదు బీద కుటుంబాలు కిరాయికి ఉండేటివి. బావి ఒక్కటే, బట్టలు ఉతికే జాగ ఒక్కటే. నేల చాలకనే కుండీలు గోడకెక్కినయి. పైన ఉన్న కుండీకి చెయ్యి అందదు గదా, పొడుగు బొంగుకు చిన్న డబ్బా కట్టి నీళ్లు పోస్తరు. గల్లీల డబ్బాల అక్కను మాకు యాది చేసింది ఆ ముచ్చట.

అక్కడ 1921ల వాకిళ్ల పోటీ మొదలుపెట్టిండ్రు. నడుమ కొన్నేండ్లు ఆగింది గని, ఇప్పుడు ఏటా మే నెలల రెండు వారాలు జరుగుతది. యాభైకి పైగా ఇండ్లు తలుపు తెరుస్తయి. దునియా నలుమూలల నుంచి మనుషులు వచ్చి వరుసకట్టి చూస్తరు. 2012ల యునెస్కో దాన్ని వారసత్వ జాబితాల పెట్టింది. ఆ ఊరి వీధిల కుండీలకు నీళ్లు పోసే ఆడామె విగ్రహం గూడ ఉన్నదట. నీళ్లు పోసినందుకు విగ్రహమా అని మాలో ఒకామె చాలాసేపు నవ్వింది. తర్వాత నవ్వు ఆపి, మంచిగనే చేసిండ్రు అన్నది.

మాకు కావలసింది పూల సంగతి కాదు, పద్ధతి. అక్కడ పోటీల ఉన్న ఇండ్లు చూడడానికి వచ్చినోళ్ల దగ్గర టికెట్ పైసలు తీసుకోరు. ఇంటోళ్లకు మున్సిపాలిటీ బహుమతులు, సాయం కింద పైసలిస్తది. తెరిచే గంటలు ముందే చెప్తరు. పగటిపూట కొంతసేపు, సాయంత్రం కొంతసేపు, నడుమ తలుపు మూస్తరు. ఒక్కసారి లోపలికి కొందరినే పంపుతరు, మిగిలినోళ్లు వీధిల నిలబడాల్సిందే. అన్నిటికన్న పెద్ద సంగతి, అది ఏడాదిల రెండు వారాలే. మిగిలిన దినాలల్ల చాలా ఇండ్లు ఎవరి ఇల్లు వాళ్లదే. అయినా అంత బాగేం లేదు. రద్దీ ఎక్కువైందని అక్కడోళ్లే మొత్తుకుంటున్నరు. కిరాయికుండే కుటుంబాలు పోయి, టూరిస్టులు దిగే గదులైన ఇండ్లున్నయి. మనుషులు పోయినంక కుండీలకు నీళ్లు పోసేదెవరు?

ఇగ మన సంగతికొస్తం. వాకిలి చూపించినందుకు టికెట్ పెట్టొద్దని మా అభిప్రాయం. టికెట్ పెడితే వచ్చినోడు కొన్నోడైతడు. కొన్నోడికి పువ్వు తెంపే హక్కున్నదనిపిస్తది. పైసలు వేరే దిక్కు నుంచి రావాలె. బంతి నారు, విత్తనాల పొట్లాలు, కట్టిన దండలు, సద్దుల నాటి మలీద, నువ్వుల పొడి, ఇవి గ్రామ సంఘం ఒక్క చోట పెట్టి అమ్మాలె. ఇంటింటికీ అమ్మకం పెడితే ఇరుగుపొరుగుల తగాదా తప్పదు. వచ్చిన దాంట్ల తలుపు తెరిచిన ఇంటికి ఒక వాటా, ముందు నడిచి చూపించిన మనిషికి ఆ దినం కూలి, మిగిలింది సంఘం పొదుపులకు. వాటా ఎంత అన్నది మేం తేల్చలేదు, సభ తేల్చాలె.

చూపించే మనిషి మన సభ్యురాలే ఉండాలె. గోండి, లంబాడి, మరాఠీ, తెలుగు, ఉర్దూ, మన మండలంల ఏ ఇంటికి ఏ మాట కావాల్నో మనకే తెలుసు. పట్నం నుంచి గైడును తెస్తే మన చామంతి ఎవరి పిలకో ఆయనేం చెప్తడు? ఫోన్ గేటు దగ్గర సంచిల వేసి రావాలె, ఇంటామె తియ్యమంటేనే తియ్యాలె. వయసుల ఉన్న పిల్లలున్న ఇంటామె వద్దంటే ఎందుకని ఎవ్వరూ అడగొద్దు. సద్దుల బతుకమ్మ దినం ఏ వాకిలీ తెరవద్దు. ఆ దినం పేర్చుకునేది మనం, ఆడేది మనం. చూడాల్సినోళ్లు చెరువు కట్ట దగ్గర నిలబడి చూడొచ్చు, ఆడాలనుకున్న ఆడోళ్లు వచ్చి మనతోని చప్పట్లు కొట్టొచ్చు.

తారీఖుల మాట గూడ చెప్పాలె. ఎంగిలిపూల బతుకమ్మ 2024ల అక్టోబర్ 2న వచ్చింది, 2025ల సెప్టెంబర్ 21న వచ్చింది. పదకొండు దినాలు ముందుకు జరిగేసరికి పోయినేడు చాలా వాకిళ్లల్ల బంతి మొగ్గ మీదనే ఉన్నది, మేం కండ్లార చూసినం. ఈసారి 2026ల అధిక జ్యేష్ఠం వచ్చింది కాబట్టి పండుగ అక్టోబర్ 10కి పోయింది. విత్తనం పోసినంక బంతి పూతకు రెండు నుంచి రెండున్నర నెలలు పడ్తది. ఆరుద్ర పోయకముందే పోసినోళ్లది పండుగకు ముందే పూసి వాడిపోతది. జూలై ఆఖరున తొలి ఏకాదశి నాటికి నారు పోసుకుంటే సరిపోతది. నాటిన కొన్ని దినాలకు తల గిల్లితే కొమ్మలు ఎక్కువ వస్తయి, పూత మాత్రం కొంచెం వెనుకకు పోతది, ఆ లెక్క గూడ చూసుకోవాలె. పట్నపోళ్లు వచ్చినా రాకున్నా ఈ పూలు మనకే. అంగట్ల కట్టలు కొనే ఖర్చు తగ్గుతది. గునుగుకు పెరట్ల ఒక మూల విడిచిపెట్టండ్రి, అత్తలు కోపం చేస్తే మా పేరు చెప్పండ్రి.

తలుపు తెరిచే ఇండ్ల పేర్లు వచ్చే నెల గ్రామ సంఘం మీటింగ్‌ల రాయించాలె. మొదటేడు పదిండ్లు దాటొద్దని మా మాట. ఒక్కరి సంతకంతోని తీసుకోం. ఇంట్ల ఉన్న ఆడోళ్లందరూ, అత్త, కోడలు, పెండ్లి కాని బిడ్డ, అందరూ సరే అంటేనే ఆ ఇంటి పేరు రాస్తం. గేటు తియ్యని అక్క పేరు మేం అడగలేదు. విత్తనం అడిగితే మాత్రం కాగితంల కట్టి పట్టుకుచ్చు విత్తనాలు పంపింది. ఈ బల్ల మీద ఉన్నయి, ఊరికి చిటికెడు చొప్పున తీసుకపోండ్రి.